వేలిముద్రల దీవి

మారిషస్‌లో తెలుగు ఒక మతం. పొరపాటున రాసిన మాట కాదు ఇది. ఆ దేశపు జనాభా లెక్కల్లో మతం గడి దగ్గర హిందూ, ఇస్లాం, కేథలిక్ అన్న పేర్లతో పాటు తమిళం, తెలుగు, మరాఠీ అని రాయించుకునేవాళ్ళు వేలల్లో ఉంటారు. నాకు ఈ సంగతి పోర్ట్ లూయీలో నన్ను రెండు రోజులు తిప్పిన ఒక టాక్సీ పెద్దాయన నోట మొదట తెలిసింది. "మా పక్కింటివాళ్ళు హిందువులు, మేము తెలుగు" అన్నాడాయన, చాలా మామూలుగా. మా మాటలు సగం ఇంగ్లీషులో, సగం హిందీలో నడుస్తున్నాయి. ఆయన ఇంటి భాష క్రియోల్, ఆ దీవి తోటల్లో పుట్టిన భాష. తెలుగులో రెండు వాక్యాలు కలిపి మాట్లాడలేడు. కాని కారు పక్కకు ఆపి, స్టీరింగు మీద వేళ్ళతో తాళం వేస్తూ రామభజన పాట ఒకటి మొదటి నుంచి చివరి దాకా తడబడకుండా పాడాడు. అర్థం అడిగితే, అది మా తాతకు తెలుసు అన్నాడు. మీ ఇంటి దేవుడెవరని అడిగాను. "సింహాద్రి అప్పన్న" అన్నాడు.

మాది విశాఖ వైపు. మా ఇంట్లో తరానికొక అప్పన్న, ఒక నరసింహం, ఒక అప్పలనరసమ్మ ఉంటారు. సుమారు అయిదు వేల కిలోమీటర్ల సముద్రం అవతల, చెరకు తోటల నడుమ, మా కొండ మీది దేవుడి పేరు విన్నప్పుడు నాకు కళ్ళు చెమర్చాయి. ఆ రాత్రి ఇంటికి ఫోను చేసి ఈ సంగతే అరగంట చెప్పాను. ఉగాది అక్కడ దేశమంతటికీ సెలవు అనీ, 1990లో మూడో ప్రపంచ తెలుగు మహాసభలు జరిగింది అక్కడేననీ, బడుల్లో తెలుగు పాఠాలు ఉన్నాయనీ గొప్పగా చెప్పుకున్నాను.

ఆ గర్వం ఇప్పటికీ పోలేదు. కాని ఆ తరువాత ఏళ్ళలో ఆ దేశం గురించి చదువుతున్నకొద్దీ దాని పక్కనే ఒక ప్రశ్న వచ్చి కూర్చుంది. భాష పోయాక కూడా ఒక మనిషి దాని పేరును మతంగా మోస్తున్నాడంటే, ఆయన చేత దాన్ని మోయిస్తున్నది ఏమిటి? భక్తి కొంత. పూర్వీకుల మీద ప్రేమ కొంత. మిగిలింది రాజకీయం. అక్కడి ప్రభుత్వం మత సంస్థలకు ఇచ్చే ధనసహాయానికి తలల లెక్కతో సంబంధం ఉంది. పూర్వీకుల భాష ఏమిటని జనాభా లెక్కల్లో అడిగిన రోజులున్నాయి. లెక్కల కాలం వచ్చిందంటే సంఘాల పెద్దలు ఇంటింటికీ తిరిగి, మన గడిలో మన పేరే రాయండి అని నచ్చజెబుతారు. తగ్గిన అంకె తగ్గిన బలం. ఈ లెక్క ఎక్కడ మొదలైంది, దానివల్ల ఎవరు బతికారు, ఎవరు లెక్క బయటే ఉండిపోయారు అన్నదే నేను చెప్పదలచుకున్నది.

మారిషస్‌కు ఆదివాసులు లేరు. అక్కడున్న ప్రతి కుటుంబమూ ఏదో ఒక కాలంలో ఓడ దిగినదే. 1598లో డచ్చివాళ్ళు అడుగుపెట్టి తమ రాకుమారుడు మారిస్ పేరు పెట్టారు, జావా నుంచి చెరకు తెచ్చి నాటారు, డోడో పక్షి అంతరించింది, 1710లో వాళ్ళు వెళ్ళిపోయారు. 1715లో ఫ్రెంచివాళ్ళు వచ్చారు. 1735 తరువాత లాబూర్దొనే గవర్నరుగా పోర్ట్ లూయీని రేవుపట్నంగా నిలబెట్టాడు. మడగాస్కర్ నుంచి, మొజాంబిక్ తీరం నుంచి బానిసలను తెచ్చి తోటల్లో దింపారు. 1810 డిసెంబరులో బ్రిటిషువాళ్ళు దీవిని గెలుచుకున్నారు గాని, ఫ్రెంచి తోటల యజమానుల ఆస్తినీ, చట్టాలనూ, భాషనూ ముట్టుకోబోమని ఒప్పుకున్నారు. జెండా మారింది, తోట మారలేదు. ఆ దేశం గురించి ఏ ఒక్కటి గుర్తుంచుకున్నా ఇది గుర్తుంచుకోవాలి.

1835 ఫిబ్రవరి 1న బానిసత్వం రద్దయింది. దానికి నష్టపరిహారంగా బ్రిటిషు ఖజానా నుంచి సుమారు 20 లక్షల పౌన్లు వచ్చాయి. ఆ సొమ్ము బానిసలకు కాదు, వాళ్ళను పోగొట్టుకున్న యజమానులకు. విడుదలైన మనిషికి గజం నేల కూడా దక్కలేదు. ఆ డబ్బులో కొంతతోనే యజమానులు కొత్త కూలీలను తెప్పించుకున్నారు. రద్దుకు కొద్ది నెలల ముందే, 1834 నవంబరు 2న అట్లాస్ అనే ఓడలో వచ్చిన 36 మంది ఆ కొత్త కూలీల్లో మొదటివాళ్ళుగా గుర్తుండిపోయారు. తరువాతి ఎనభై ఏళ్ళలో ఆ రేవులో దిగినవాళ్ళు నాలుగున్నర లక్షల పైమాట. బీహారు, మద్రాసు, బొంబాయి వైపులవాళ్ళతో పాటు కోరంగి, కాకినాడ, విశాఖ తీరాల మనుషులూ ఉన్నారు.

వాళ్ళు దిగిన చోటును ఇప్పుడు ఆప్రవాసీ ఘాట్ అంటారు. 2006లో అది ప్రపంచ వారసత్వ స్థలమైంది. ఒడ్డు నుంచి పైకి 16 రాతి మెట్లు. నేను ఎక్కి చూశాను. ఎక్కడానికి నిమిషం పట్టదు. ఆ నిమిషంలో మనిషి పేరు పోయి నంబరు వచ్చేది. మోకాలోని మహాత్మా గాంధీ సంస్థలో ఆ వలస దస్త్రాలు భద్రంగా ఉన్నాయి. 1860ల నుంచి కూలీలకు తీసిన ఫోటోలూ ఉన్నాయి. కెమెరాను ముందెన్నడూ చూడని ముఖాలవి. ఒప్పంద పత్రం ఇంగ్లీషులో. దాని కింద సంతకం రాని చేయి పెట్టిన గుర్తు. అగ్రిమెంటు అన్న మాట వాళ్ళ నోట గిర్మిట్ అయింది. తనకు చదివి చెప్పినది ఒకటి, తాను గుర్తు పెట్టినది మరొకటి అని ఎందరికో ఒడ్డు చేరాకే అర్థమైంది.

ఆ గుర్తు నుంచి సంతకం దాకా సాగిన ప్రయాణం ఆ దేశ చరిత్రలో నాకు అన్నిటికన్నా ఇష్టమైన భాగం. 1936లో డాక్టర్ మారిస్ క్యూరే లేబర్ పార్టీ పెట్టాడు. 1937 ఆగస్టులో, చిన్న రైతులు పండించే ఉబా రకం చెరకుకు మిల్లులు ధర తగ్గించాయి. రైతులూ కూలీలూ కదిలారు. యూనియన్ ఫ్లాక్ దగ్గర కాల్పులు జరిగి నలుగురు చనిపోయారు. 1943 సెప్టెంబరు 27న బెల్ వ్యూ హారెల్‌లో సమ్మె చేస్తున్న కూలీల మీద పోలీసులు మళ్ళీ కాల్చారు. చనిపోయిన నలుగురిలో ఆంజలే కూపెన్ నిండు గర్భిణి. ఆ ఊళ్ళోనే ఇప్పుడు ఆమె పేరుతో ఒక క్రీడా మైదానం ఉంది.

అప్పటికి ఓటు హక్కు ఆస్తిపరులకే. ఓటర్లు మొత్తం సుమారు 12 వేల మంది. 1947 రాజ్యాంగం ఒక చిన్న తలుపు తెరిచింది: ఏ భాషలోనైనా సరే, చదవడం రాయడం వస్తే చాలు, ఓటు. బసదేవ్ బిసుందయాల్ జన ఆందోళన్ కార్యకర్తలు ఆ తలుపులో కాలు పెట్టారు. పగలంతా చెరకు కొట్టి వచ్చినవాళ్ళను రాత్రిళ్ళు దీపం చుట్టూ కూర్చోబెట్టి అక్షరాలు దిద్దించారు. హిందీలోనో తమిళంలోనో తెలుగులోనో, మనిషి తన పేరు తాను రాయగలిగితే ఓటరయ్యాడు. 1948 ఎన్నికల నాటికి ఓటర్ల సంఖ్య 70 వేలు దాటింది. నాలుగు అక్షరాల కోసం కాయలు కాసిన చేతులు పలక పట్టిన ఆ రాత్రుల మీదే మారిషస్ ప్రజాస్వామ్యం నిలబడి ఉంది. భాష అక్కడ మొదట ఆయుధమైంది, ఆ తరువాతే ముద్ర అయింది.

1959లో వయోజనులందరికీ ఓటు వచ్చింది. శివసాగర్ రామ్‌గులామ్ నాయకత్వంలో స్వాతంత్ర్యం దగ్గరపడింది. ఇక్కడే నా మనసు చివుక్కుమంటుంది.

1965 సెప్టెంబరులో లండన్‌లోని లాంకాస్టర్ హౌస్‌లో రాజ్యాంగ చర్చలు జరుగుతున్నాయి. మారిషస్‌కు ఈశాన్యాన, రెండు వేల కిలోమీటర్ల పైన దూరంలో చాగోస్ దీవులున్నాయి. అప్పటిదాకా మారిషస్ పాలన కిందివే. వాటిలో పెద్దదైన డియెగో గార్సియా మీద అమెరికాకు సైనిక స్థావరం కావాలి. సెప్టెంబరు 23న బ్రిటిషు ప్రధాని హెరాల్డ్ విల్సన్ రామ్‌గులామ్‌ను విడిగా పిలిపించాడు. ఆ సమావేశానికి ముందు విల్సన్‌కు అధికారి రాసి ఇచ్చిన చీటీ తరువాత బయటపడింది. ఆశ చూపించి అతణ్ని భయపెట్టాలి అని అందులో ఉంది. స్వాతంత్ర్యం వస్తుందన్న ఆశ, దీవుల విషయంలో సరిగా నడుచుకోకపోతే రాదేమోనన్న భయం. రామ్‌గులామ్ ఒప్పుకున్నాడు. 30 లక్షల పౌన్లు ఇస్తామన్నారు. నవంబరు 8న చాగోస్‌ను విడదీసి కొత్త బ్రిటిషు వలసను సృష్టించారు. వలస పాలన ముగిసిపోతున్న కాలంలో పుట్టిన కొత్త వలస అది.

రామ్‌గులామ్‌ను తప్పుపట్టాలా? ఈ ప్రశ్న మీద మిత్రులతో చాలాసార్లు వాదించాను. మెడ మీద కత్తి పెట్టి చేయించిన ఒప్పందం ఒప్పందమే కాదని వాళ్ళు అంటారు. అంతర్జాతీయ న్యాయస్థానం కూడా చివరికి దాదాపు ఆ మాటే చెప్పింది. నేను దాన్ని కాదనను. కాని నన్ను బాధించేది ఆ రోజు సంతకం కాదు, ఆ గదిలో ఎవరి నోటా రాని మాట. చాగోస్‌లో పదిహేను వందల నుంచి రెండు వేల దాకా మనుషులున్నారు. కొబ్బరి తోటల్లో పనిచేయడానికి తెచ్చిన బానిసల సంతతి వాళ్ళు, వాళ్ళతో కలిసిపోయిన కొద్దిమంది భారతీయ కూలీల సంతతి. అయిదారు తరాలుగా అదే వాళ్ళ ఊరు. దీవుల ఖరీదు గురించి, చెరకు కోటా గురించి, చేపల హక్కుల గురించి బేరం జరిగింది. మనుషుల గురించి జరగలేదు. ధైర్యవంతుడిగా పేరున్న గయెతాన్ దువాల్ పార్టీ అదే నవంబరులో మంత్రివర్గం నుంచి బయటికి వచ్చింది. వాళ్ళ అభ్యంతరం దీవులు ఇచ్చినందుకు కాదు, తక్కువకు ఇచ్చినందుకు. ఓటున్న ప్రతి వర్గానికీ ఆ గదిలో ఒక గొంతు ఉంది. చాగోస్ మనిషికి లేదు.

1967 నుంచి 1973 దాకా ఆ దీవులను ఖాళీ చేయించారు. వైద్యానికో చుట్టాలను చూడడానికో పోర్ట్ లూయీ వచ్చినవాళ్ళను మొదట తిరిగి వెళ్ళనివ్వలేదు. తరువాత సరుకుల ఓడలు ఆపారు. 1971లో వాళ్ళ పెంపుడు కుక్కలను పోగుచేసి పొగపెట్టి చంపారు. ఆఖరికి నార్డ్‌వేర్ అనే సరుకుల ఓడలో మనుషులను ఎక్కించి మారిషస్, సీషెల్స్ రేవుల్లో దింపారు. అక్కడ ఎవరూ శాశ్వతంగా నివసించడం లేదు, ఉన్నది కాంట్రాక్టు కూలీలే అని ఐక్యరాజ్యసమితికి చెప్పారు. దిగినవాళ్ళు పోర్ట్ లూయీ అంచుల్లో, కాసీ, రోష్ బోయి వంటి పేటల్లో రేకుల కింద తల దాచుకున్నారు. వాళ్ళ భాషలో సాగ్రెన్ అని ఒక మాట ఉంది. ఊరి మీద బెంగ. ఫలానా ఆమె దేనితో పోయింది అంటే, సాగ్రెన్‌తో పోయింది అంటారు. మన ఊళ్ళలో బెంగతో పోయాడు అనడం నేను చిన్నప్పుడు విన్నాను. అందుకే ఆ మాట నాకు కొత్తగా తోచలేదు.

ఇక గడుల సంగతి. 1967 ఆగస్టు ఎన్నికలు నిజానికి స్వాతంత్ర్యం మీద జరిగిన ఓటింగు. అనుకూల కూటమికి సుమారు 56 శాతం, వద్దన్న దువాల్ పార్టీకి సుమారు 44 శాతం వచ్చాయి. పదిమందిలో నలుగురికి పైగా స్వాతంత్ర్యమంటే భయపడిన దేశం అది. ఎక్కువమంది హిందువులైన చోట తమ గతి ఏమవుతుందన్నది బానిసల సంతతి అయిన క్రియోళ్ళ భయం, కొందరు ముస్లింల భయం, చైనీయుల భయం. 1968 జనవరిలో పోర్ట్ లూయీలో క్రియోళ్ళకూ ముస్లింలకూ మధ్య అల్లర్లు చెలరేగి పాతిక మంది దాకా చనిపోయారు. బ్రిటిషు సైన్యం దిగింది. ఆ సైన్యం ఇంకా ఉండగానే మార్చి 12న, గాంధీ దండికి బయలుదేరిన రోజున, కొత్త జెండా ఎగిరింది.

ఆ భయానికి మందుగా రాజ్యాంగంలో ఒక ఏర్పాటు చేశారు. దాన్ని బెస్ట్ లూజర్ పద్ధతి అంటారు. 62 మందిని జనం ఎన్నుకుంటారు. వర్గాల బలానికి తగ్గ ప్రాతినిధ్యం రాకపోతే, ఓడినవాళ్ళలో మెరుగ్గా ఓట్లు వచ్చిన ఎనిమిది మంది దాకా తీసుకుంటారు. దానికోసం ప్రతి అభ్యర్థీ తన వర్గం ఏమిటో రాయాలి. గడులు నాలుగే: హిందూ, ముస్లిం, చైనీయ, సాధారణ జనం. జీవన విధానాన్ని బట్టి మొదటి మూడింటిలో ఇమడనివాళ్ళంతా నాలుగో దాంట్లో పడతారు. అంటే బానిస మునిమనవడూ, ఆ బానిసను కొన్న తోట యజమాని మునిమనవడూ ఒకే గడిలో. ఇద్దరినీ కలిపేది ఒక్కటే, తక్కినవాళ్ళలో చేరకపోవడం.

ఈ పద్ధతిని నేను పూర్తిగా కొట్టిపారేయను. ఆ రోజుల్లో అది నెత్తుటిని ఆపింది. శ్రీలంకలో, ఫిజీలో ఏం జరిగిందో చూసినవాడెవడూ మారిషస్ శాంతిని తేలిగ్గా తీసుకోలేడు. ఫిజీలోనూ మన గిర్మిట్ సంతతే, అక్కడ 1987 నుంచి కుట్రల మీద కుట్రలు. మారిషస్‌లో మాత్రం ప్రభుత్వాలు ఓటుతో మారాయి. 1961లో ఆర్థికవేత్త జేమ్స్ మీడ్, ఈ దీవి జనం బరువుకు కుంగిపోతుందని హెచ్చరించాడు. కుంగిపోలేదు. 1970లో ఎగుమతి మండలాలు, 1975 నుంచి యూరప్ ఇచ్చిన మంచి చక్కెర ధర, కుట్టు మిషన్ల దగ్గర నిలబడ్డ వేలాది ఆడవాళ్ళ శ్రమ, 1975 మేలో వీధుల్లోకి వచ్చిన విద్యార్థుల వల్ల దక్కిన ఉచిత హైస్కూలు చదువు, ఇవన్నీ కలిసి నిలబెట్టాయి. 1982 నాటి పన్ను ఒప్పందం వల్ల మన దేశంలోకి వచ్చే విదేశీ పెట్టుబడికి మారిషస్ ఏళ్ళ తరబడి పెద్ద దారి అయింది. అందులో మన సొమ్మే చుట్టు తిరిగి వస్తోందన్న అనుమానంతో 2016లో దాన్ని సవరించారు. అది మరో వ్యాసానికి సరిపడే కథ.

కాని మందును జీవితాంతం వాడితే అదే జబ్బవుతుంది. 1982 తరువాత జనాభా లెక్కల్లో వర్గం అడగడం మానేశారు. ఎన్నికల లెక్క మాత్రం 1972 నాటి అంకెల మీదే నడుస్తూ వచ్చింది. యాభై ఏళ్ళలో పుట్టిన పిల్లలకు, వర్గాలు దాటి జరిగిన పెళ్ళిళ్ళకు ఆ లెక్కలో చోటు లేదు. ఏ గడిలోనూ టిక్కు పెట్టబోమన్న అభ్యర్థుల నామినేషన్లు చెల్లలేదు. వాళ్ళు పోరాడితే 2012లో ఐక్యరాజ్యసమితి మానవ హక్కుల కమిటీ వాళ్ళ పక్షాన నిలిచింది. 2014లో ఆ ఒక్క ఎన్నికకు మినహాయింపు ఇచ్చారు. శాశ్వత సంస్కరణ కమిటీల్లోనే తిరుగుతోంది. ఆ పోరాటం నడిపిన పార్టీకి చెందిన అశోక్ సుబ్రోన్ 2024లో మంత్రి కావడం నాకు నిజంగా సంతోషం కలిగించింది.

గడుల వల్ల అన్నిటికన్నా నష్టపోయింది క్రియోళ్ళు. దేవాలయానికి ట్రస్టు ఉంది, పూర్వీకుల భాషకు చట్టం పెట్టిన సంఘం ఉంది, బడిలో పీరియడు ఉంది. బానిసల సంతతికి పూర్వీకుల భాష ఏది? దాన్ని ఓడలోనే లాగేసుకున్నారు. తోటల్లో తాము పుట్టించుకున్న భాష క్రియోల్. ఇవాళ దేశంలో పదింటిలో ఎనిమిది ఇళ్ళకు పైగా మాట్లాడేది అదే. మన టాక్సీ పెద్దాయన మాట్లాడేదీ అదే. అటువంటి భాష ప్రాథమిక బడిలో ఐచ్ఛిక పాఠంగా అడుగుపెట్టింది 2012లో. తెలుగు అంతకు ఎన్నో దశాబ్దాల ముందే ఉంది. మన భాషకు దక్కిన గౌరవం చూసి పొంగిపోయిన నేను ఈ రెండు సంగతులనూ పక్కపక్కన పెట్టి చూసిన రోజు చాలాసేపు మౌనంగా ఉండిపోయాను.

1999 ఫిబ్రవరిలో రోష్ బోయికి చెందిన గాయకుడు కాయా పోలీసు నిర్బంధంలో చనిపోయాడు. బానిసల సెగా పాటనూ జమైకా రెగేనూ కలిపి సెగే అనే కొత్త బాణీ కట్టినవాడు. గంజాయిని నేరంగా చూడవద్దని జరిగిన సభలో తాగాడని పట్టుకున్నారు. మూడు రోజుల తరువాత గదిలో శవమై ఉన్నాడు. దేశం రోజుల తరబడి మండింది. ఆ మంట చల్లారాక అందరూ ఐక్యత గురించి మాట్లాడారు. ఎవరి పేటల్లో ఉద్యోగాలు లేవో, ఎవరు ఏ అధికార స్థానాల్లో లేరో మాత్రం కొద్దిమందే మాట్లాడారు.

పైన నడిచే రాజకీయం చూడండి. 1968 నుంచి ఇప్పటిదాకా, మధ్యలో రెండేళ్ళు తప్ప, ప్రధాని పదవి రెండిళ్ళ మధ్యే తిరిగింది. శివసాగర్ రామ్‌గులామ్, ఆయన కొడుకు నవీన్‌చంద్ర. అనిరుధ్ జగన్నాథ్, ఆయన కొడుకు ప్రవింద్. 2003 నుంచి 2005 దాకా ప్రధానిగా ఉన్న పాల్ బెరాంజే ఒక్కడే ఆ ఇళ్ళవాడు కాదు. హిందువు కాని ప్రధాని ఆయనొక్కడే. అదీ ముందే కుదుర్చుకున్న వంతు ప్రకారం దక్కింది. అనిరుధ్ 2017 జనవరిలో ఎన్నికే లేకుండా కొడుకు ప్రవింద్‌కు కుర్చీ అప్పగించాడు. 2015 ఫిబ్రవరిలో ఒక మాజీ ప్రధాని అరెస్టు, 2025 ఫిబ్రవరిలో మరొక మాజీ ప్రధాని అరెస్టు. ఇద్దరూ ఆరోపణలను తోసిపుచ్చారు.

జనం కోపం లేక కాదు. 1982లో, 1995లో, 2024 నవంబరులో మారిషస్ దీవిలోని 60 స్థానాలకు 60 ఒకే కూటమికి ఇచ్చి పాలకులను తుడిచిపెట్టారు. మూడుసార్లూ గెలిచినవాళ్ళకు మూడింట రెండు వంతుల ఓట్లు లేవు. 2024 ఎన్నికకు ముందు వారాల్లో, రహస్యంగా విన్న ఫోను సంభాషణలు ఎవరో బయటపెట్టారు. ప్రభుత్వం సోషల్ మీడియాను ఆపేసి, జనం మండిపడితే మర్నాడే వెనక్కి తగ్గింది. ఆ తీర్పు ఎంత గట్టిదో చూసి నేనూ చప్పట్లు కొట్టాను. అయినా తుడిచిన పలక మీద మళ్ళీ అదే రెండిళ్ళలో ఒక ఇంటి పేరు. వర్గాల పొత్తు కుదిర్చే శక్తి ఆ ఇళ్ళకే ఉన్నంతకాలం వేరే పేరు రాయడం కష్టం.

గడులు కరగవా అంటే, 2020 ఆగస్టు గుర్తొస్తుంది. వకాషియో అనే జపాను ఓడ జులై 25న పగడపు దిబ్బ మీదికి ఎక్కింది. రోజుల తరబడి ప్రభుత్వం చూస్తూ కూర్చుంది. ఆగస్టు 6న సుమారు వెయ్యి టన్నుల నూనె నీలి మడుగులోకి కారడం మొదలైంది. ఎవరూ చెప్పకుండానే వేల మంది తీరానికి వచ్చారు. చెరకు ఆకును గుడ్డ సంచుల్లో కూరి, కుట్టి, పొడుగాటి గొట్టాలుగా చేసి నీళ్ళ మీద అడ్డుకట్టలు పరిచారు. బానిసలకూ కూలీలకూ గాయాలు చేసిన చెరకు అది. నల్లటి నూనెలో మోకాలి లోతున నిలబడ్డవాళ్ళలో ఎవరు ఏ వర్గమో ఫోటోల్లో పోల్చలేం. ఆ నెలాఖరున పోర్ట్ లూయీ వీధులు నిండిపోయాయి.

చాగోస్ దగ్గరికి తిరిగి వస్తాను. నిర్వాసితుల కోసం 1972లో బ్రిటన్ ఆరున్నర లక్షల పౌన్లు మారిషస్ ప్రభుత్వానికి ఇచ్చింది. అది వాళ్ళ చేతికి అందింది 1970ల చివర్లో, ధరలు పెరిగి దాని విలువ కరిగిపోయాక. ఆ జాప్యం లండన్‌ది కాదు, పోర్ట్ లూయీది. అప్పుడు ఆడవాళ్ళు కదిలారు. షార్లేజియా అలెక్సిస్, లిజెట్ తలాత్ వంటివాళ్ళు నిరాహార దీక్షలు చేశారు, వీధుల్లో పోలీసుల ఎదుట నిలబడ్డారు, జైలుకు వెళ్ళారు. 1982లో మరో 40 లక్షల పౌన్లు వచ్చాయి. డబ్బు తీసుకోవడానికి కాగితాల మీద వేలిముద్రలు వేయించుకున్నారు. తిరిగి వెళ్ళే హక్కు వదులుకుంటున్నామని ఆ ఇంగ్లీషు కాగితాల్లో ఉందని తమకు తెలియదని ఎందరో తరువాత చెప్పారు.

ఆప్రవాసీ ఘాట్ మెట్లకు కొద్ది దూరంలోనే, స్వతంత్ర దేశంలో, అదే ఇంగ్లీషు కాగితం కింద మళ్ళీ అదే వేలిముద్ర. 1948లో పలక పట్టిన చేతుల పిల్లలే అప్పుడు పాలకులు.

2018 సెప్టెంబరులో హేగ్‌లోని అంతర్జాతీయ న్యాయస్థానం చాగోస్ కేసు విన్నది. లిజ్బీ ఎలిజే అనే పెద్దావిడకు చదవడం రాయడం రాదు. ఆమె మాటలను వీడియోగా వినిపించారు. చాగోస్‌లోని పెరోస్ బానోస్‌లో పుట్టింది. 1973లో ఓడ ఎక్కించే నాటికి గర్భవతి. ఆ ప్రయాణం తరువాత పుట్టిన బిడ్డ దక్కలేదు. తాను పుట్టిన నేల మీదే చనిపోవాలని ఉందని క్రియోల్‌లో చెప్పింది. ప్రపంచ న్యాయస్థానంలో వినిపించిన ఆ భాషకు ఆ రోజుకు మారిషస్ పార్లమెంటులో అధికారిక స్థానం లేదు. అక్కడ ఇంగ్లీషు, లేదంటే ఫ్రెంచి. 2019 ఫిబ్రవరి 25న న్యాయస్థానం 13-1 తేడాతో, విభజన చట్టవిరుద్ధమనీ బ్రిటన్ వైదొలగాలనీ చెప్పింది. మేలో ఐక్యరాజ్యసమితి సర్వసభ్య సభలో 116 దేశాలు మారిషస్ వైపు నిలిచాయి. భారత్ కూడా.

2025 మే 22న లండన్, పోర్ట్ లూయీ ఒప్పందం మీద సంతకాలు చేశాయి. దాని ప్రకారం దీవుల మీద సార్వభౌమత్వం మారిషస్‌ది, డియెగో గార్సియా 99 ఏళ్ళ లీజుకు బ్రిటన్‌ది, ఏటా సగటున పది కోట్ల పౌన్లకు పైగా అద్దె. మిగతా దీవుల్లో మళ్ళీ ఊళ్ళు కట్టుకోవచ్చు, డియెగో గార్సియాలో కుదరదు. ఆ ఉదయమే డియెగో గార్సియాలో పుట్టిన ఇద్దరు మహిళలు తమను అడగలేదంటూ లండన్‌లో కోర్టుకెక్కారు. కొన్ని గంటల పాటు సంతకం ఆగింది, తరువాత జరిగిపోయింది. ఈ ఒప్పందాన్ని స్వాగతించిన చాగోస్ నాయకులూ ఉన్నారు. ఒలివియే బాంకూ వాళ్ళలో ముఖ్యుడు. నేను వాళ్ళ తీర్పును గౌరవిస్తాను. మారిషస్ న్యాయమైన హక్కును గెలుచుకుందనే నా నమ్మకం. కాని 1965లో అడగలేదు, అరవై ఏళ్ళ తరువాత కూడా గది లోపల కూర్చోబెట్టి అడగలేదు. భూమి ఎవరిది అన్న ప్రశ్నకు రెండు ప్రభుత్వాలూ జవాబు రాసుకున్నాయి. ఇల్లు ఎవరిది అన్నది మళ్ళీ వేరే కాగితం మీదికి వాయిదా పడింది.

భారతీయుడిగా నాకు ఇంకో గుబులు ఉంది. మారిషస్‌కు ఉత్తరాన వెయ్యి కిలోమీటర్ల దూరంలో అగలేగా దీవులున్నాయి. సుమారు మూడు వందల మంది ఉంటారు. వాళ్ళూ కొబ్బరి తోటల సంతతే. అక్కడ మన దేశం నిర్మించిన పొడవాటి రన్‌వేనూ జెట్టీనీ 2024 ఫిబ్రవరి 29న ఇద్దరు ప్రధానులూ ప్రారంభించారు. సైనిక స్థావరం కాదని మారిషస్ అంటోంది. తాము నిలుచున్న నేల మీద ఆ దీవివాళ్ళకు పట్టాలు లేవు. తమ గతి చాగోస్‌లా అవుతుందా అని వాళ్ళు అడుగుతున్నారు. డియెగో గార్సియా విషయంలో వలస పాలనను ఎదిరించి ఓటు వేసిన మన దేశం ఆ మూడు వందల మందికి సూటిగా, రాతపూర్వకంగా జవాబు చెప్పాలి. క్రియోల్‌లో చెప్పాలి.

2022 ఫిబ్రవరిలో మారిషస్ ప్రభుత్వం ఒక ఓడను చాగోస్‌కు పంపింది. బ్రిటన్ అనుమతి అడగకుండా చాగోస్ మనుషులు తమ దీవుల మీద కాలు పెట్టిన మొదటి ప్రయాణం అది. ఓడలో ఒలివియే బాంకూతో పాటు లిజ్బీ ఎలిజే కూడా ఉంది. పెరోస్ బానోస్ తీరంలో దిగగానే వంగి ఇసుకను ముద్దు పెట్టుకున్నారు. కొబ్బరి చెట్లు ఊరిని కమ్మేశాయి. పైకప్పు లేని చర్చి గోడల మధ్య చెట్లు లేచాయి. వాళ్ళు కత్తులు పట్టుకుని చర్చి చుట్టూ పొదలు కొట్టారు, చెత్త ఊడ్చి నేల కనిపించేలా చేశారు, ప్రార్థన చేసుకున్నారు. తరువాత, తాము వచ్చిన ఓడే ఎక్కి వెనక్కి వచ్చారు.